విరిగిన బొమ్మల పుస్తకం

నేను ఒక నూట అరవై పేజీల పుస్తకాన్ని. నా కడుపు నిండా విరిగిన మనుషులే. చేతుల్లేని దేవత, తల లేని రెక్కల అమ్మాయి, ముక్కు రాలిపోయిన చక్రవర్తి, తోక ఎక్కడో పోగొట్టుకున్న గుర్రం. అట్ట మీద ‘ప్రాచీన గ్రీకు, రోమన్ కళ: తొలి పరిచయం’ అని పెద్ద అక్షరాలతో ఉంటుంది. కానీ నేను బతికిన చోట్ల నన్నెవరూ ఆ పేరుతో పిలవలేదు. ‘విరిగిన బొమ్మల పుస్తకం’ అన్నారు, అంతే. నాకూ అదే అలవాటైపోయింది.

పుట్టింది విజయవాడలో, ఇరుకు సందులో ఉన్న ఒక ప్రెస్సులో. నాకు ముందు పెళ్ళి శుభలేఖలు అచ్చయ్యాయి, నా తర్వాత ఎరువుల కంపెనీ క్యాలెండర్లు. నన్ను రాసినాయన ఏథెన్సు చూడలేదు, రోమూ చూడలేదు. చూసొచ్చినవాళ్ళు రాసింది చదువుకొని, మనవాళ్ళకు అర్థమయ్యేలా రాశాడు. ఇందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు. గ్రీకులు కంచుతో పోసిన బొమ్మల్ని చూసి రోమన్లు పాలరాతిలో నకళ్ళు చెక్కుకున్నారు. ఆ కంచు బొమ్మల్లో చాలావాటిని తర్వాతివాళ్ళు కరిగించి వాడేసుకున్నారు. నకళ్ళే మిగిలాయి. లోకంలో నకలు చేసేవాడు లేకపోతే అసలు సంగతి ఎవరికీ తెలిసేది కాదు. అందుకే నేను చిన్నబోను.

నన్ను మొదట కొన్నది ఖాజా మొహిద్దీన్ సారు, ఆళ్ళగడ్డ దగ్గర ఒక హైస్కూల్లో డ్రాయింగు మాస్టరు. నన్ను క్లాసులో చూపించాలని ఆయనకు మహా ఆశ. చూపించాలంటే ఒక చిక్కు. నాలోని మనుషుల్లో సగం మందికి బట్టల్లేవు. సారు రెండు రోజులు ఆలోచించి, పిల్లల నోటు పుస్తకాలకు అట్టలేసే ఖాకీ కాగితాన్ని ముక్కలుగా కత్తిరించి, మైదాపిండి జిగురుతో ఒక్కొక్కరికి పంచె అంటించాడు. యుద్ధవీరులకు పంచె, వేటగాళ్ళకు పంచె, డిస్కు విసిరేవాడికి పంచె. ఒకరిద్దరికి కొలత తప్పి పాదాల దాకా దిగింది. రెండువేల ఏళ్ళు ఎండకూ వానకూ ఓర్చుకున్నవాళ్ళు ఆ పంచెలకు కూడా ఓర్చుకున్నారు.

ఆ క్లాసులో బొమ్మలు బాగా వేసే పిల్ల సిద్ధేశ్వరి. తొమ్మిదిలో జిల్లా పోటీలో బహుమతి తెచ్చింది. పదిలో అర్ధసంవత్సరం పరీక్షలయ్యాక వాళ్ళమ్మ మంచం పట్టింది. ఇంట్లో వంట చేసేవాళ్ళు లేరు. బడి అక్కడితో ఆగింది. టీసీ తీసుకోవడానికి వచ్చిన రోజు ఖాజా సారు నన్ను ఆ పిల్ల చేతిలో పెట్టాడు.

“నీ దగ్గర పెట్టుకోమ్మా. ఈ పిల్లోళ్ళకు పంచెలు పీకేదే పని,” అన్నాడు.

అలా నేను ఒక రేకు పెట్టెలోకి చేరాను. నాలుగేళ్ళ తర్వాత ఆ పెట్టెతో పాటే అత్తారింటికి వెళ్ళాను.

అది శిల్పుల ఇల్లు. ముందు రేకుల షెడ్డు, వెనక ఇల్లు. తెల్లవారింది మొదలు ఉలి చప్పుడు. మామగారు నాగలింగాచారి దేవుడి విగ్రహాలు చెక్కడంలో ఆ చుట్టుపక్కల పేరున్న మనిషి. భర్త మౌనేశు తండ్రి దగ్గరే పని. అత్తగారు గోవిందమ్మ ఇంటి పెత్తనం. ఆ ఇంట్లో ఒక కట్టుబాటుంది. చెక్కుతూ చెక్కుతూ వేలు విరిగినా, చెవి రాలినా ఆ విగ్రహం ఇక పనికిరాదు. దాన్ని భిన్నమైంది అంటారు. అమ్మరు, ఇంట్లో పెట్టరు, నీళ్ళలో కలిపేస్తారు. అటువంటి ఇంట్లోకి నూట అరవై పేజీల భిన్నమైన వాళ్ళను పెట్టెలో పెట్టుకొని వచ్చింది కోడలు. నా పరిస్థితి మీరే ఊహించుకోండి.

రెండేళ్ళు చీరల అడుగున బాగానే దాక్కున్నాను. సిద్ధేశ్వరికి అయిదో నెల వచ్చాక, పగలు పొద్దుపోక, నన్ను బయటికి తీసింది. ఒకరోజు గోవిందమ్మ చూసేసింది.

“ఏందిమే ఇది? చేతుల్లేవు, తలకాయల్లేవు! కడుపుతో ఉండి ఇయ్యా నువ్వు చూసేది? పుట్టే బిడ్డ ఎట్ల పుడతాదనుకున్యావు?”

“రాతి బొమ్మలు కదత్తా.”

“రాయి అయితే ఏమి? నీ మామ చెక్కేది రాయి కాదా? దానికి దండం పెట్టమా?”

గొడవ షెడ్డు దాకా పోయింది. నాగలింగాచారి చేతులు కడుక్కొని వచ్చి నన్ను తిరగేశాడు. మొదట ఖాజా సారు పంచెలు చూసి ఫక్కున నవ్వాడు. “పంచెలు కట్టినోడు చేతులు గూడ పెట్టింటే అయిపోయుండు గదా!” అన్నాడు. తర్వాత నవ్వు ఆగిపోయింది. ఒక్కో పేజీ దగ్గర చాలాసేపు నిలబడ్డాడు. తొలికాలపు గ్రీకు కుర్రవాడు రెండు కాళ్ళ మీద బిర్రుగా నిలుచున్న బొమ్మ చూసి, “ఇది సమభంగం. మన లెక్కే,” అన్నాడు. ఇరవై పేజీల తర్వాత, ఒక కాలి మీద బరువు మోపి రెండో మోకాలు సడలించిన మనిషిని చూసి, “ఆభంగానికి వచ్చినారు. నిలబడేది నేర్చుకున్యారు,” అన్నాడు. ఆ ముక్కను నన్ను రాసినాయన రెండు పేజీలు వెచ్చించి చెప్పాడు.

నన్ను పారెయ్యలేదాయన. పారెయ్యడానికి మనసు ఒప్పలేదు, అట్లాగే ఉంచడానికి ధైర్యం చాలలేదు. అప్పుడు ఆయన చేసిన పని ఏ దేశపు మ్యూజియంలోనూ ఎవరూ చేసి ఉండరు. పెన్సిలు తీసుకొని, మధ్యాహ్నం భోజనమయ్యాక షెడ్డు నీడలో కూర్చుని, విరిగినవాళ్ళందరినీ బాగుచెయ్యడం మొదలుపెట్టాడు. పదకొండు రోజులు పట్టింది. ముఖం పొడవును కాగితం పట్టీ మీద గుర్తుపెట్టుకొని, దాని లెక్కన చెయ్యి ఎంతుండాలో కొలిచి మరీ గీశాడు. చేతుల్లేని దేవతకు కుడి చేతిలో తామరపువ్వు వచ్చింది, ఎడమ చెయ్యి నడుము మీదికి చేరింది. తల లేని రెక్కల అమ్మాయికి తల వచ్చింది, దాంతో పాటు బొట్టు, ముక్కుపుడక కూడా. చక్రవర్తి ముక్కు ఎంత బాగా కుదిరిందంటే ఆయనకే ఆశ్చర్యంగా ఉండేది.

“ఇప్పుడు చూసుకో తల్లీ. అందరూ నిండుగా ఉండారు,” అని నన్ను కోడలికిచ్చాడు.

ఆ పని మూఢనమ్మకమని మీరు అనవచ్చు. కాదనను. కానీ పుట్టబోయే మనవరాలి కోసం ఒక ముసలాయన పదకొండు మధ్యాహ్నాలు నిద్ర మానుకున్నాడు. నా మీద అంత శ్రద్ధ ప్రెస్సువాళ్ళు కూడా చూపలేదు.

శ్రావణంలో పాప పుట్టింది. శర్వాణి అని పేరనుకున్నారు. ఎడమ పాదం లోపలికి మెలి తిరిగి ఉంది. అరికాలు ఆకాశం వైపు.

ఆసుపత్రిలో నర్సు స్పష్టంగానే చెప్పింది. రెండో వారంలోపల నంద్యాల తీసుకుపోండి, అక్కడ పాదాల డాక్టరమ్మ సోమవారం చూస్తుంది, పిండికట్లతో సరి చేస్తారు, ఎంత లేతగా ఉన్నప్పుడు మొదలుపెడితే అంత మంచిది. ఇంటికొచ్చాక ఆ మాట ఎవరి చెవినా పడలేదు. గోవిందమ్మ నేరుగా వచ్చి నన్ను పట్టుకుంది. పేజీ పేజీ తిప్పింది, పొరపాటు ఎక్కడుందో వెతకడానికి. నూట పన్నెండో పేజీ కింద ఒక చిన్న బొమ్మ, రాతి కుర్రవాడు. ఖాజా సారు పంచె కొలత తప్పి పాదాల దాకా దిగినవాళ్ళలో వాడొకడు. ఎండిన జిగురు ఊడి ఆ కాగితం గోవిందమ్మ వేళ్ళకు వచ్చేసింది. కింద, వాడి ఎడమ కాలికి పాదం లేదు.

పంచె కింద దాగిన ఆ కాలిని నాగలింగాచారి చూడలేదు. అందరినీ బాగుచేసి వాడొక్కడిని వదిలేశాడు.

ఆయన ఆ పూట అన్నం ముట్టలేదు. షెడ్డులో సగం చెక్కిన రాయి మీద చెయ్యి పెట్టుకొని కూర్చున్నాడు. “నా చేతల్లోనే తప్పు జరిగిపోయ,” అన్నాడు, అంతే.

గోవిందమ్మ తీర్పు చెప్పేసింది. అమావాస్య నాడు నన్ను కాలువలో కలపాలి. దోషం పోయాక, పాపకు మూడో నెల వచ్చాక, అప్పుడు ఆసుపత్రి సంగతి చూడాలి. మౌనేశు తల్లి వైపు చూశాడు, భార్య వైపు చూశాడు, చివరికి గోడ వైపు చూశాడు.

సిద్ధేశ్వరి బాలింత. నాలుగు అడుగులు వేస్తే కళ్ళు తిరుగుతున్నాయి. గట్టిగా మాట్లాడే పిల్ల కూడా కాదు. పాప తుమ్మితే భయం, పాలు కక్కితే భయం, ఎక్కువసేపు నిద్రపోతే ముక్కు దగ్గర వేలు పెట్టి చూసేది. అటువంటిది ఆ రోజు లేచి నిలబడి అత్తగారి చేతిలోంచి నన్ను తీసుకుంది.

“సోమవారం నేను నంద్యాలకు పోతాండా అత్తా. ఆయన వస్తే ఆయనతో పోతా. రాకుంటే బస్సుకు పోతా. ఈ పుస్తకం గూడ నాతో వస్తాది. డాక్టరమ్మనే అడుగుతా.”

“ఏమని అడుగుతావు?”

“నేను చూడబట్టే ఇట్లయిందా అని.”

అడగాలన్న ధైర్యం కంటే, జవాబు ఏం వస్తుందోనన్న భయమే ఎక్కువగా ఉండింది ఆమెలో. బస్సులో నన్ను గుండెకు ఆనించి పట్టుకుంది కాబట్టి నాకు తెలుసు. మౌనేశు చివరి నిమిషంలో చొక్కా తగిలించుకొని వెంట వచ్చాడు.

డాక్టరమ్మ నడివయసు మనిషి, మోచేతుల దాకా తెల్లటి పిండి. పాప పాదాన్ని చేతుల్లోకి తీసుకొని చూస్తుండగా సిద్ధేశ్వరి నూట పన్నెండో పేజీ తెరిచి ముందు పెట్టింది. మాటలు తడబడుతూ అంతా చెప్పింది. డాక్టరమ్మ తల తిప్పి నా వైపు చూసింది. పక్క పేజీలో దేవత చేతిలో తామరపువ్వు చూసి ఒక్క క్షణం పెదవి బిగబట్టింది, నవ్వు ఆపుకోవడానికి.

“నా దగ్గరికి ఇట్లాంటి పాదాలతో ఎంతోమంది పిల్లలు వస్తారమ్మా. ఆ తల్లులెవరూ ఈ పుస్తకం చదవలేదు,” అంది. “అయినా ఈ బొమ్మ మీద కాగితం అంటించి ఉండిందంటున్నావు. మరి కడుపుతో ఉన్నప్పుడు నువ్వు దీన్ని చూశావా?”

సిద్ధేశ్వరి ఊడిన పంచె వైపు చూసింది. “లేదు మేడం.”

“చూడనిదాన్ని చూడబట్టి ఎట్ల వస్తుంది?”

ఆ బల్ల దగ్గరే సిద్ధేశ్వరి ఏడ్చింది. వారం రోజుల నుంచి దాచుకున్న ఏడుపు. డాక్టరమ్మ ఏడవనిచ్చింది, ఈలోగా తన పని తాను చేసుకుంది. వేళ్ళ నుంచి తొడ దాకా తడి పిండికట్టు వేసి, అది గట్టిపడేదాకా రెండు చేతులతో పాదాన్ని ఒడిసి పట్టుకుంది. చివర్లో మాత్రం స్వరం మారింది. “కట్లు ఆరేడు పడతాయి, వారానికొకటి. ఒక్క వారం మానినా పాదం మళ్ళీ వెనక్కిపోతుంది. తర్వాత బూట్లు. మొదట మూడు నెలలు, స్నానానికి తప్ప తియ్యకూడదు. తర్వాత నిద్రలో మాత్రం, నాలుగేళ్ళు వచ్చేదాకా. చాలామంది బూట్ల దగ్గరే ఓడిపోతారు. నువ్వు ఓడిపోతే నా కట్లన్నీ దండగ.”

“ఓడిపోను మేడం,” అంది సిద్ధేశ్వరి ముక్కు తుడుచుకుంటూ.

ఇంటికొచ్చి డాక్టరమ్మ మాట చెప్పింది. తను ఆ బొమ్మనే చూడలేదని, మరి దోషం ఎక్కడిదని. గోవిందమ్మ తక్కువ మనిషి కాదు.

“నువ్వు చూడకపోతే ఏమి? అది నిన్ను చూసింది గదా!”

నేనెవరినీ చూడలేదని చెప్పే అవకాశం నాకెవరూ ఇవ్వలేదు. మౌనేశు నోరు తెరిచాడు ఆ రోజు. “అమ్మా, కాలవలో కలపాలంటే నన్ను గూడ కలుపు. వచ్చే సోమవారం బిడ్డను నేనే తీస్కపోవాల,” అన్నాడు. చివరికి ఒక రాజీ కుదిరింది. నేను ఇంట్లో ఉండకూడదు, షెడ్డులో పనిముట్ల దగ్గర ఉండొచ్చు. సోమవారాలు మాత్రం సిద్ధేశ్వరి నన్ను సంచిలో వేసుకునేది. బస్సులో పాప కాలు ఊగకుండా కింద పెట్టడానికి నా అట్ట గట్టితనం పనికొచ్చింది. తువ్వాలు చుట్టి నన్ను ఒళ్ళో పెట్టుకుంటే, నా మీద పిండికట్టు కాలు. నా వెనక అట్ట మీద ఇప్పటికీ తెల్లటి మరకలున్నాయి.

కట్టులోంచి బయటికి కనిపించే అయిదు వేళ్ళు నల్లబడితే వెంటనే రావాలని డాక్టరమ్మ చెప్పింది. అంతే, సిద్ధేశ్వరికి అదొక పని అయిపోయింది. పాలిస్తూ ఒకసారి, కూర తరుగుతూ ఒకసారి, బట్టలు ఆరేస్తూ ఒకసారి వచ్చి ఆ వేళ్ళను నొక్కి చూసేది. తెల్లబడి మళ్ళీ ఎర్రబడితే ఊపిరి పీల్చుకునేది. పావుగంటకు మళ్ళీ వచ్చేది.

నాలుగో కట్టు రోజు మౌనేశు విగ్రహం నిలబెట్టే పని మీద వేరే ఊరు పోవాల్సి వచ్చింది. నాగలింగాచారి కండువా వేసుకొని బయలుదేరాడు. ఆసుపత్రిలో పాత కట్టు విప్పి, డాక్టరమ్మ పాదాన్ని చేతిలోకి తీసుకోగానే ఆయన కుర్చీలోంచి లేచి దగ్గరికి వెళ్ళాడు. ఆమె బొటనవేలు ఎక్కడ ఆనుతుందో, చూపుడువేలు ఎక్కడ ఆగుతుందో, ఎంత తోసి ఎక్కడ వదిలేస్తుందో, రెప్ప వెయ్యకుండా చూశాడు. ఎవరైనా బెదిరిపోయే చూపు అది. ఆవిడ బెదరలేదు.

తిరుగు బస్సులో కోడలితో అన్నాడు.

“వారానికి గోరంత తిప్పుతాండాది. అంతకుమించి పోలే. పోగల్గి గూడ పోలే. నేను ముప్పై ఏండ్లు చెక్కినాక నేర్చుకున్యా ఆ ఆగేది.”

తన చేతుల వైపు చూసుకొని, “నాది తప్పు అనుకున్యా తల్లీ,” అన్నాడు.

“మీది కాదు మామా. నాది గూడ కాదు,” అంది సిద్ధేశ్వరి. రెండోది చెప్పడానికి ఆమెకు ఎంత కాలం పట్టిందో ఆయనకు తెలియదు.

ఆరు కట్ల తర్వాత మడమ పైనున్న బిగుసుకున్న నరాన్ని సన్నగా కోసి, మూడు వారాలు ఇంకొక కట్టు వేశారు. అది విప్పేసరికి పాదం నేరుగా ఉంది. ఇల్లంతా పండుగ చేసుకుంది. ఆ మర్నాడే బూట్లొచ్చాయి. రెండు చిన్న తోలు బూట్లు, మధ్యలో ఒక ఇనుప కమ్మీ. పాప కాళ్ళు విడిగా ఆడించలేదు. మూడు రోజులు ఏకబిగిన ఏడ్చింది.

నాలుగో రోజు సిద్ధేశ్వరి నీళ్ళు పట్టుకొని వచ్చేసరికి బూట్లు గూట్లో ఉన్నాయి, పాప గోవిందమ్మ ఒళ్ళో నవ్వుతోంది.

“పాదం బాగయింది గదా. ఇంగా ఏంది ఈ సంకెళ్ళు? నీకు పేగు లేదామే? బిడ్డ గొంతు ఎండిపోతాంది!”

సిద్ధేశ్వరి అరవలేదు. షెడ్డులోకి వచ్చి నన్ను తీసుకెళ్ళి, ఒక పేజీ తెరిచి మామగారి ముందు పెట్టింది. రోమన్లు పాలరాతిలో చేసిన నకలు అది. అందమైన యువకుడు, అతని కాలికి ఆనుకొని ఒక చెట్టు మొద్దు.

“మామా, ఈ మొద్దు ఎందుకు పెట్టినారు? అందం చెడింది గదా?”

నాగలింగాచారి చూడకుండానే చెప్పాడు. “అసలుది కంచు అయింటాది. కంచుకు అక్కర్లేదు. రాయికి అంత సన్నటి కాళ్ళ మీద బరువు నిలవదు. ఊత లేకుంటే మడమ దగ్గరే తెగుతాది.”

సిద్ధేశ్వరి అత్తగారి వైపు తిరిగింది. “విన్యావా అత్తా? ఈ పొద్దు నాకు జాలేస్తే, నడిచే వయసులో నా బిడ్డకు మడమ నిలవదు. ఏడిస్తే నేనే ఎత్తుకుంటా. రేయింబగళ్ళు ఎత్తుకుంటా. బూట్లు మాత్రం తియ్యను. నువ్వు గూడ తియ్యొద్దు.”

గోవిందమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకొని లోపలికి పోయింది. సాయంత్రం పాత నూలు చీర చింపి, బూట్లు ఒరుసుకోకుండా పాపకు నాలుగు జతల మెత్తటి మేజోళ్ళు కుట్టింది. కుడుతున్నంతసేపూ నన్ను తిట్టింది. ఎవరో ఒకరిని తిట్టకుండా ఆమె సూది నడవదు. నేను పడ్డాను.

మూడు నెలలు గడిచాయి. బూట్లు నిద్రవేళలకు పరిమితమయ్యాయి. పాప బోర్లా పడింది, పాకింది, గోడ పట్టుకుంది. ప్రతి స్నానానికీ సిద్ధేశ్వరి ఆ ఎడమ పాదాన్ని అరచేతిలో పెట్టుకొని చూసేది, నిన్నటికంటే లోపలికి తిరిగిందేమోనని. మళ్ళీ తిరగబడ్డ పిల్లల సంగతులు ఆసుపత్రి వరండాలో వింటూనే ఉంది. నంద్యాల పిలిచినప్పుడల్లా పోయింది. ఒక్కసారి కూడా తప్పలేదు. అసలు పరీక్ష పాప నిలబడ్డప్పుడేనని డాక్టరమ్మ చెప్పింది. మడమ నేలకు ఆనాలి. ఆనకపోతే కథ మళ్ళీ మొదటికి.

పదమూడో నెలలో ఒక మధ్యాహ్నం. షెడ్డులో నాగలింగాచారి వినాయకుడి పీఠం చెక్కుతున్నాడు. పీఠం మీదికి జారే బట్ట మడత ఎలా ఉండాలో చూసుకోవడానికి నన్ను తీసి, చూసి, కింద పెట్టాడు. పాప పాక్కుంటూ వచ్చింది. వినాయకుడి తొండం కావాలి ఆ పిల్లకు. రాయి పట్టుకొని లేచింది. అందలేదు. కింద నేను కనిపించాను. ఒక కాలు నా మీద పెట్టింది. రెండో కాలు కూడా పెట్టింది. రాయిని వదిలేసింది.

టీ గ్లాసులతో వస్తున్న గోవిందమ్మ కేక వేసింది. “అయ్యయ్యో, సరస్వతిని తొక్కుతాంది! దిగవే, దిగు...”

నాగలింగాచారి ఉలి పట్టుకున్న చెయ్యి పైకెత్తాడు. గోవిందమ్మ ఉన్నచోటే ఆగిపోయింది.

పీఠం నేలకు సరిగ్గా కూర్చుందో లేదో చూసేందుకు శిల్పులు దాని అంచు కిందికి ఒక దారం తోస్తారు. దారం దూరితే సందున్నట్టు. ఆయన నడుము నుంచి దారం తీశాడు. కీళ్ళు పటపటమంటుండగా బోర్లా పడుకొని, చెంప మట్టికి ఆనించి, పాప ఎడమ మడమ దగ్గర నా అట్ట మీద ఆ దారాన్ని మెల్లగా తోశాడు. అది వంగింది. కుడి మడమ దగ్గర తోశాడు. వంగింది. మళ్ళీ ఎడమ దగ్గర. అప్పుడూ దారం దూరలేదు.

దారం అవసరం నాకు లేదు. తొమ్మిది కిలోల బరువు నా మీద నిలబడి ఉంది. వేళ్ళు, పక్క, మడమ. ఎడమ వైపు ఎంతో కుడి వైపు అంతే. నాలో ఇంతమంది రాతి మనుషులు నిలబడ్డారు, ఒక్కరి బరువూ నాకు తెలియదు.

గుమ్మం దగ్గర సిద్ధేశ్వరి నిలుచుంది. ఎప్పటి నుంచి నిలుచుందో. కొంగుతో కళ్ళు ఒత్తుకుంది, మళ్ళీ చూసింది, నేలకు వంగి మామగారి పక్కనే తనూ చెంప ఆనించి మరొకసారి చూసింది.

పాప విసుగు పుట్టి నా మీద నుంచి దిగి కూర్చుంది. గోవిందమ్మ వచ్చి నన్ను తీసుకొని, రెండు పాదాల దుమ్ము గుర్తులతో సహా కళ్ళకద్దుకుంది. “తప్పయింది తల్లీ,” అంది. సరస్వతితో అందో, నాతో అందో, మనవరాలి తరఫున అందో, తన తరఫునే అందో తెలియలేదు.

“ఇంగేముందిమే, గెలిచినావు. ఈ పొద్దుకు ఆ బూట్లు వదిలెయ్,” అంది కోడలితో.

సిద్ధేశ్వరి లోపలికి వెళ్ళింది. బూట్లు, కమ్మీ, నూలు మేజోళ్ళు పట్టుకొని తిరిగొచ్చి పాపను ఒళ్ళోకి లాక్కుంది.

“పడుకునే వేళయింది,” అని మొదటి లేసు బిగించింది. “ఇంకా మూడేండ్లుంది అత్తా.”